అగ్గిగద్ద ఎవరి బొందలగడ్డకు?

2023 వానాకాలం. పంజాగుట్ట చౌరస్తా వెనక గల్లీలో, చీరల షాపు పైన ఉన్న చిన్న ఫంక్షన్ హాల్లో ఆ ఆదివారం మా పోటీ జరుగుతోంది. సాయంత్రానికి అదే హాలును ఎవరిదో పుట్టినరోజుకు ఇచ్చేశారు. అందుకని మధ్యాహ్నం నుంచే ఒకాయన మూలన కూర్చుని బెలూన్లు ఊదుతున్నాడు. ఉండుండి ఒకటి ఠప్పుమని పేలేది. ఆడేవాళ్లు ఉలిక్కిపడి చేతిలో కార్డులు ఎదుటివాళ్లకు చూపించేసేవాళ్లు. నేను ఆయన్ను కసిరాను, ఆయన నన్ను కసిరాడు. కిరాయి ఆయనా కట్టాడు కదా మరి.

నా వృత్తి ఏమిటో చెప్పడం కొంచెం కష్టం. అమీర్‌పేటలో హాస్టళ్ల మధ్య నాకో షాపుంది. బోర్డు గేములు, ట్రేడింగ్ కార్డు గేములు అమ్ముతాను. అంతకు ముందు అదే గల్లీలో ఒక కోచింగ్ సెంటర్లో పిల్లలకు సీ లాంగ్వేజ్ చెప్పేదాన్ని. ఆదివారాలు పోటీల్లో జడ్జిగా కూర్చుంటాను. జడ్జినయ్యానని ఎవరో చెబితే మా మేనమామ భూమి తగాదా కాగితాలు సంచిలో పెట్టుకుని వచ్చాడు. నేను తీర్పు చెప్పేది భూతాల తగాదాలకు, డ్రాగన్ల తగాదాలకు అని తెలిసాక ఆయన ముఖం చూడాలి. చాయ్ కూడా తాగకుండా వెళ్లిపోయాడు.

ఆట పేరు ఏడుకోటలు. ఇద్దరు ఎదురెదురుగా కూర్చుంటారు. ఒక్కొక్కరి దగ్గర నలభై కార్డుల కట్ట ఉంటుంది, దాన్ని డెక్ అంటాం. అందులో డ్రాగన్లు, భూతాలు, పాములు, గద్దలు ఉంటాయి. వీటన్నిటినీ కలిపి క్రీచర్లంటాం. వాటిని బల్ల మీదికి దింపి ఎదుటివాళ్ల కోటలు కూలగొట్టాలి. ఎవరి డెక్ వాళ్లే ఇంటి దగ్గర కూర్చుకుని తెచ్చుకుంటారు. ఏ కార్డైనా ఒక డెక్‌లో మూడుకు మించి ఉండకూడదు. దొంగాట ఆడేవాళ్లు మొదట తప్పేది ఈ నియమమే.

ఇక తగాదాల సంగతి. నా దగ్గరికి వచ్చేవి చాలా మటుకు చావు తగాదాలే. క్రీచర్ చచ్చిందా, లేదా? చూసేవాళ్లకు ఇదో పెద్ద విషయమా అనిపిస్తుంది, మాకు మాత్రం అదో శాస్త్రం. తగిలిన దెబ్బ దాని బలానికి సమానమైనా, మించినా చస్తుంది. కానీ తగిలిన క్షణాన చావదు. నడుస్తున్న పని పూర్తయ్యాక బల్లంతా ఒకసారి చూస్తాం, చావాల్సినవన్నీ కలిసి ఒకేసారి చస్తాయి. అందుకే రెండు క్రీచర్లు ఒకదాన్నొకటి కొట్టుకుంటే, నాది ముందు కొట్టింది కాబట్టి బతికింది అనే వాదన చెల్లదు. బల్ల మీది నుంచి మళ్లీ చేతిలోకి వెళ్లిన క్రీచర్ చచ్చినట్టు కాదు, ఊరెళ్లినట్టు. చావంటే డిస్కార్డ్ పైల్‌లోకి పోవడమే. అంటే అయిపోయిన కార్డుల కుప్ప. మా షాపులో పిల్లలు దాన్ని బొందలగడ్డ అంటారు, శ్మశానం అని. మొదట్లో వద్దని కోప్పడ్డాను. తర్వాత నా నోటికీ అదే పట్టుకుంది.

ఆ రోజు ఆఖరి మ్యాచ్ స్వరూపకు, కిరణ్‌కు మధ్య. గెలిచినవాళ్లు హైదరాబాద్ తరఫున బెంగళూరు వెళ్తారు.

స్వరూపది సిరిసిల్ల. అమీర్‌పేటలో బ్లౌజులు, చుడీదార్లు ఆల్టరేషన్ చేసే షాపులో పని. తల్లితో కలిసి బోరబండలో కిరాయి గదిలో ఉంటుంది. మధ్యాహ్నం గిరాకీ లేని వేళ షాపులో ఆడపిల్లలంతా కలిసి ఈ ఆట నేర్చుకున్నారు. వాళ్లలో ఈమె ఒక్కతే పోటీలదాకా వచ్చింది. మాట తక్కువ. కొలత తీసుకుంటున్నట్టు ఎదుటివాళ్లను ఒకసారి చూసి కార్డు వేసేది. కాలేజీ చదువుల మగపిల్లలు ఈమెతో ఆడి ఓడి, తర్వాత నా కౌంటర్ దగ్గరికి వచ్చి రూల్ బుక్ అడిగేవాళ్లు.

ఆమె తల్లి లచ్చవ్వ ఆ రోజు మొదటిసారి హాలుకు వచ్చింది. ఆ రాక వెనక ఒక కథ ఉంది, స్వరూపే నాకు చెప్పింది. వాళ్ల నాన్నకు సిరిసిల్లలో సొంత సాంచాలుండేవి. మరమగ్గాలను అక్కడ అలా అంటారు. ఆయన వాటిని పత్తలాటలో, అంటే పేకాటలో, పోగొట్టాడు. తర్వాత ఆయనా పోయాడు. బిడ్డ ఆదివారాలు కార్డులు ఆడుతోందని తెలిసిన రోజు లచ్చవ్వ పొయ్యి వెలిగించలేదట. ఇది అది కాదమ్మా, ఇందులో పైసలుండవు, మోసముండదు అని బిడ్డ ఎంత మొత్తుకున్నా తల్లి నమ్మలేదు. తాటిచెట్టు కింద కూర్చుని పాలు తాగినా కల్లే అంటారు కదా. చివరికి తల్లి ఒక మాటకు దిగింది.

"ఒక్కసారి వచ్చి నా కండ్లతోని జూస్త. మంచిగుంటే నీ ఇష్టం. పత్తలాట తీరుగ కనబడ్డదో, ఇగ ఆ పత్తల డబ్బ పొయ్యిల వెడ్త."

అలా వచ్చి వెనక వరసలో కూర్చుంది. ఒళ్లో మక్క గారెల డబ్బా ఉంది. నేను వెళ్లి పలకరిస్తే నవ్వలేదు, నా చేతులవైపు చూసింది. ఆటలో డబ్బులు వసూలు చేసేది నేనేనేమో అని ఆమె అనుమానం కావచ్చు.

మ్యాచ్ మూడు గేములు, రెండు గెలిచినవాళ్లది మ్యాచ్. మొదటి గేమ్ స్వరూప గెలిచింది. రెండో గేమ్ మొదలయ్యే ముందు మల్లేశ్ వచ్చి ఆమె డెక్ తీసుకున్నాడు. మల్లేశ్ నా తోటి జడ్జి. వారమంతా సోమాజిగూడలో ఏదో ఆఫీసులో అకౌంట్స్ చూస్తాడు, ఆదివారం ఇక్కడ కార్డులు చూస్తాడు. ఆఖరి మ్యాచ్‌లో ఒకరి డెక్ చీటీ తీసి తనిఖీ చేయడం మా ఆనవాయితీ. దాన్ని డెక్ చెక్ అంటాం. చీటీలో స్వరూప పేరొచ్చింది. నేను వేరే బల్ల దగ్గర ఏదో చెబుతున్నాను. మల్లేశ్ వచ్చి నా చెవిలో అన్నాడు.

"అక్కా, జర ఇటు రా. ఒకటి ఎక్కువుంది."

కిటికీ దగ్గర చిన్న బల్ల మీద కార్డులు పరిచి ఉన్నాయి. నలభై ఉండాల్సినవి నలభై ఒకటి. అంతైతే ఏదో పొరపాటు అనుకోవచ్చు. కానీ ఎక్కువగా ఉన్నది అగ్గిగద్ద. మూడుండాల్సినవి నాలుగున్నాయి. అగ్గిగద్ద మంచి కార్డు. మా దగ్గర ఆడేవాళ్లలో సగంమంది డెక్కుల్లో అది ఉంటుంది.

"సాఫ్ దొంగతనమే అక్కా," అన్నాడు మల్లేశ్. "డిస్‌క్వాలిఫై జేసి మైక్‌ల చెప్పేద్దాం. ఆ బెలూన్లాయన అప్పటి సంది నా పానం దీస్తుండు."

డిస్‌క్వాలిఫికేషన్ అంటే మ్యాచ్ పోవడం ఒక్కటే కాదు. మోసం అని తేలితే మైకులో పేరు చదవాలి, వాట్సాప్ గ్రూపుల్లో పెట్టాలి, ఏడాదిపాటు ఏ పోటీకీ రానివ్వకూడదు. నేను మైకువైపు చూశాను. దానికి అవతల, వెనక వరసలో లచ్చవ్వ ఉంది. ఆ పేరు ఆమె ముందు నేను చదవాలి. పత్తలాటలో కుటుంబం మునిగిన మనిషి, బిడ్డ పత్తల దొంగ అని మైకులో వినాలి.

అలాగని చూసీ చూడనట్టు వదిలేయడం నాకు చేతకాదు. నాకు ముక్కు మీద కోపం ఉందని అందరూ అంటారు. నిజమే కానీ నియమం దగ్గర నా కోపానికీ, జాలికీ కూడా చోటివ్వకూడదని నాకు నేను చెప్పుకుంటాను. తల్లి కూర్చుంది కదా అని కూతుర్ని వదిలేస్తే అవతల కూర్చున్న కిరణ్ ఏమైపోవాలి? అతని ఆశ కూడా ఆశే కదా.

"మైక్ ముట్టకు," అన్నాను మల్లేశ్‌తో. "ముందు ఇద్దరితో మాట్లాడాలె. వేర్వేరుగ."

ఇది మా పద్ధతి. ఒకరి మాట ఒకరు వినకుండా విడివిడిగా అడుగుతాం. కానీ హాలు చిన్నది, గాలికంటే ముందు మాట తిరుగుతుంది. నేను స్వరూపను కిటికీ దగ్గరికి పిలిచేసరికే గుసగుసలు మొదలయ్యాయి. ఎవడో, "పత్తలన్నంక గింతే," అన్నాడు. వాడెవడో తెలిస్తే అప్పుడే బయటికి పంపేదాన్ని. లచ్చవ్వ లేచి నా దగ్గరికి వచ్చింది.

"మేడం, ఏమైంది? నా బిడ్డ ఏం జేసింది?"

"ఇంకా తెల్వదమ్మా. అడుగుతున్న. తెలిసినంక నీకే ముందు జెప్త."

"గిట్లనే అయితుండె," అంది ఆమె నెమ్మదిగా. "మా ఆయన ఆడే తాన గూడ. ముందు లెక్కవెట్టుడు, ఎన్కనుంచి కొట్లాట." వెళ్లి మళ్లీ తన కుర్చీలో కూర్చుంది. గారెల డబ్బా సంచిలో పెట్టి, సంచి భుజానికి తగిలించుకుంది. ఇంటికి పోవడానికి సిద్ధమైపోయిందన్నమాట.

స్వరూపకు నాలుగు గద్దలూ చూపించాను.

"అక్కా, నాయి మూడే. అమ్మతోడు. నాలుగోది ఏడికెల్లి వచ్చిందో నాకెర్క లేదు."

అమ్మతోడు అనేసి గబుక్కున వెనక వరసవైపు చూసింది. ఆ చూపు నాకు కష్టం కలిగించింది. కానీ దొంగలు కూడా ఒట్లు వేస్తారు, కొందరు ఇంకా బాగా వేస్తారు. ఒట్ల మీద తీర్పు చెప్పలేం. ఇలాంటప్పుడు ఎందుకు చేశావని అడిగితే ఏడుపు తప్ప ఏమీ రాదు. కోచింగ్ సెంటర్లో ప్రోగ్రామ్ పనిచేయనప్పుడు పిల్లలతో నేను చేయించే పని ఒకటుంది. ఎక్కడ తప్పుందో వెతకొద్దు, మొదటి నుంచి ఏం జరిగిందో వరసగా చెప్పు అనేదాన్ని. తప్పు దానంతటదే బయటపడేది. ఆ అలవాటే నోటికొచ్చింది.

"సరే. మొదటి గేమ్‌ల నీ బొందలగడ్డకు ఏమేం పోయినయో ఒక్కొక్కటి జెప్పు. ఏది ఎట్ల సచ్చింది?"

ఆమె కళ్లు మూసుకుంది. కార్డులు మళ్లీ కళ్లముందు పరుచుకుంటున్నట్టుంది.

"ముందుగాల నా బురద కప్ప సచ్చింది. నేనే బలిచ్చిన. తర్వాత గోడ భూతం. ఆయన పిడుగేసిండు, సచ్చింది. తర్వాత నా గద్ద ఒకటి, డ్రాగన్ చేతుల. తర్వాత మందు ఏసిన."

మందు అంటే వశీకరణం అనే కార్డు. అది వేస్తే ఎదుటివాళ్ల క్రీచర్ ఒకటి మనవైపు వచ్చేస్తుంది, మన తరఫున యుద్ధం చేస్తుంది. మందు పెట్టి మనిషిని మార్చేశారు అంటాం కదా, మా పిల్లలు ఆ పేరే పెట్టారు.

"మందేసి దేన్ని గుంజుకున్నవ్?"

"ఆయన అగ్గిగద్దను. దాన్ని ఆయన కొండచిలువ మీదికే తోలిన. రెండూ ఒక్కసారే సచ్చినయి."

గొంతు మామూలుగా పెట్టుకుని అడిగాను. "సచ్చినంక ఏం జేసినవ్?"

"ఏం జేస్త అక్కా? నా బొందలగడ్డల ఏసిన."

"ఆయన గద్దను నీ దాంట్ల?"

ఆమె నావైపు వింతగా చూసింది, నేనేదో తెలివితక్కువ ప్రశ్న అడిగినట్టు. "నా దిక్కున సచ్చింది గదా. నా కోసం కొట్లాడి సచ్చింది. మరి నేనే గదా సాగనంపాలె. ఆయనకెట్లిస్త?"

చావు నియమాల్లో ఒకటుంది. క్రీచర్ ఎవరి చేతికింద ఉండి చచ్చినా, ఎవరి తరఫున పోరాడి చచ్చినా, పోవాల్సింది దాని సొంతదారు డిస్కార్డ్ పైల్‌కే. మందు పెట్టి లాక్కున్నదైనా, మాయ చేసి తెచ్చుకున్నదైనా, ప్రాణం పోయిన మరుక్షణం అసలు యజమాని దగ్గరికి వెళ్లిపోతుంది. ఆ నియమం ఆమెకు తెలియదు. తెలియక ఎదుటివాడి గద్దను తన కుప్పలో వేసుకుంది, గేమ్ అయిపోయాక కుప్పంతా ఎత్తి తన డెక్‌లో కలిపేసింది. కార్డులు నలగకుండా తొడిగే కవర్లు కూడా ఇద్దరివీ ఒకటే నల్లవి, ఇద్దరూ నా షాపులోనే కొన్నారు. పైనుంచి చూస్తే ఏది ఎవరిదో ఆ దేవుడికి కూడా తెలియదు.

ఇది నిజమే అయితే, అవతలి డెక్‌లో ఒకటి తగ్గి ఉండాలి. ఆమె అబద్ధం అల్లుతుంటే అక్కడ నలభై సరిగ్గా ఉంటాయి. అంతా ఆ లెక్క మీదే ఉంది.

"ఈ ఆట ఎవరు నేర్పిండ్రు నీకు?"

"ఎవ్వరు నేర్పలే. షాపుల మేమే నేర్చుకున్నం. అందరం గట్లనే ఆడుతం. కార్డులన్నీ ఒకటే డబ్బల ఉంటయి. ఎవల దిక్కు సస్తే వాళ్ల కుప్పల. ఆఖరుకు అన్నీ డబ్బలనే ఏస్తం."

ఆమెను అక్కడే నిలబెట్టి కిరణ్‌ను మెట్ల దగ్గరికి పిలిచాను. కిరణ్‌ది విజయవాడ. అమీర్‌పేటలో హాస్టల్లో ఉండి ఏదో కోర్సు చేస్తున్నాడు. నెమ్మదైన కుర్రాడే. కానీ ఆ క్షణంలో అవతలామె పోతే బెంగళూరు వెళ్లేది తనే అని అతనికీ తెలుసు. అందుకని నేనేమీ చెప్పకుండా అడిగాను.

"మొదటి గేమ్‌లో నీ అగ్గిగద్ద ఏమైంది?"

"ఆవిడ లాగేసుకున్నారండి. తర్వాత చచ్చిపోయింది."

"చచ్చాక?"

"ఆవిడ పైల్‌లో పెట్టుకున్నారు."

"చూశావా?"

"నా ఎదురుగానే కదండీ."

"మరి ఇదేంటి, నాది నాకివ్వండి అని అడగలేదే?"

"ఏమని అడగనండి? ఆవిడ దగ్గర చచ్చింది కదా, ఆవిడ పైల్‌లోకే కదా వెళ్లాలి? హాస్టల్లో మేమంతా అలాగే ఆడతామండి. రూమంతా కలిసి డబ్బాడు కార్డులు కొనుక్కున్నాం. ఎవరివని చెప్పలేం. అయిపోయాక అన్నీ డబ్బాలో పోసేస్తాం." అంతలో అతనికే అనుమానమొచ్చింది. "ఏంటి మేడం? అలా కాదా?"

నాకు నవ్వు రాబోయింది, ఏడుపూ రాబోయింది. ఇద్దరూ ఒకటే మాట చెప్పారు. ఒకరు బ్లౌజులు కుట్టే షాపులో, ఒకరు హాస్టల్ గదిలో, ఒకరికొకరు తెలియకుండా ఒకటే తప్పు నేర్చుకున్నారు.

"నీ డెక్ ఇలా తే. లెక్కపెట్టాలి."

అతను తెచ్చాడు. మల్లేశ్ బల్ల మీద పరిచాడు. నేను పక్కన నిలబడి చూస్తున్నాను. ఈ వృత్తిలో ఎన్నో డెక్కులు లెక్కపెట్టించాను గానీ, ఒకటి తక్కువ రావాలని దేవుడికి దండం పెట్టుకున్నది ఆ ఒక్కసారే.

మల్లేశ్ ఆఖరి కార్డు కింద పెట్టి తలెత్తాడు. "ముప్ఫై తొమ్మిది అక్కా. గద్దలు రెండే ఉన్నయి."

పోయిన ప్రాణం లేచొచ్చింది నాకు. అయినా జడ్జిని కాబట్టి ఇంకో మెట్టు ఎక్కాలి. నాలుగు గద్దలూ నల్ల కవర్లలోంచి బయటికి తీసి ట్యూబ్‌లైట్ కింద పెట్టాను. మూడింటికి అంచు లేత రంగు, ఒకదానికి ముదురు. ముదురు అంచుది పాత ప్రింటు. కిరణ్ దగ్గర మిగిలిన రెండు గద్దలూ తీసి పక్కన పెట్టాను. రెండూ ముదురే. ఇక అనుమానం లేదు.

నిజం నిలకడ మీద తెలుస్తుందంటారు. మనవాళ్లు నిలకడగా ఉండనిస్తే కదా. మల్లేశ్ పాపం అప్పటికే తల గోక్కుంటున్నాడు.

ఇద్దర్నీ, లచ్చవ్వనూ బల్ల దగ్గరికి పిలిచాను. మైకు పట్టుకోలేదు గానీ హాలంతా వినేటట్టే చెప్పాను. ఎవరూ మోసం చేయలేదు. కిరణ్ గద్ద స్వరూప దగ్గర చచ్చి, పొరపాటున ఆమె కుప్పలో ఉండిపోయింది. ఎక్కువ వచ్చిన కార్డు ఎక్కడిదో రుజువైతే, రెండో గేమ్ ఇంకా మొదలుకాకపోతే, కార్డు తిరిగి ఇప్పించి హెచ్చరికతో వదిలేయవచ్చని రూల్ ఉంది. అలాగే చేస్తున్నాను. ఇద్దరికీ చెరో హెచ్చరిక, ఒకరికి తెలియక పెట్టుకున్నందుకు, ఇంకొకరికి చూసి ఊరుకున్నందుకు.

"మరి నేను ఓడిన గేమ్, మేడం?" అన్నాడు కిరణ్. న్యాయమైన ప్రశ్నే.

"ఆ గద్ద చచ్చాక మళ్లీ లేచిందా?"

"లేదండీ. ఆఖరిదాకా అక్కడే ఉంది."

"అయితే అది ఎవరి బొందలగడ్డలో ఉన్నా నీ ఓటమి నీదే. కూర్చో."

హాలు నవ్వింది. స్వరూప నవ్వలేదు. కుర్చీలో కూర్చుని రెండు చేతులతో ముఖం కప్పుకుంది, భుజాలు కదులుతున్నాయి. కిరణ్ గాభరాపడి నీళ్ల సీసా ఆమెవైపు జరిపాడు. లచ్చవ్వ బిడ్డ వెనక నిలబడింది గానీ తలమీద చెయ్యి వేయలేదు. ఆమెకు ఇంకా నమ్మకం కుదరలేదని నాకర్థమైంది. దొంగతనం కాదన్నారు, సరే. మరి ఆటేమిటి? చూద్దామన్నట్టు ఈసారి వెనక వరసకు వెళ్లకుండా బల్ల పక్కనే కుర్చీ వేసుకుంది. ఆటగాళ్ల బల్ల దగ్గర బయటివాళ్లు కూర్చోకూడదు. మల్లేశ్ నావైపు చూశాడు. నేను బెలూన్లవైపు చూశాను.

రెండో గేమ్ కిరణ్‌ది. మూడో గేమ్ చాలాసేపు నడిచింది. మధ్యలో స్వరూప మళ్లీ మందు వేసి, మళ్లీ అతని అగ్గిగద్దనే లాక్కుంది. అది మళ్లీ ఆమె కోసం పోరాడి చచ్చింది. ఆమె కార్డు తీసి అలవాటు కొద్దీ తన కుప్పవైపు తీసుకుపోయి, సగంలో ఆగి, బల్ల మీదుగా అతనివైపు జరిపింది.

"ఇగో నీ గద్ద. నీ బొందలగడ్డకు."

"థాంక్సండీ," అన్నాడు కిరణ్. రెండు చేతులతో అందుకుని తన కుప్ప మీద పెట్టుకున్నాడు.

ఆ తర్వాత కొద్దిసేపటికి స్వరూప ఓడిపోయింది. ఆఖరి కోట కూలినప్పుడు ఆమె ఊపిరి పీల్చుకుని, కిరణ్‌కు చెయ్యిచ్చి, "మంచిగాడినవ్ తమ్ముడు," అంది. బెంగళూరు పోయింది అతనే. ఆమె ముఖంలో బాధ ఉంది, లేదని చెప్పను. కానీ ఓడినవాళ్ల బాధ వేరు, దొంగ అనిపించుకున్నవాళ్ల బాధ వేరు. మొదటిది సాయంత్రానికి తగ్గుతుంది.

ఆ రోజు తర్వాత నా పనిలో ఒక మార్పు వచ్చింది. ప్రతి పోటీకి ముందు నేనే నిలబడి చావు నియమాలు చెబుతాను. లాక్కున్న క్రీచర్ చచ్చిందంటే సొంతదారుకే అని ప్రత్యేకంగా చెబుతాను. రూల్ బుక్ రాసినవాళ్లు కార్డు ఉంటే దానికో సొంతదారు ఉంటాడని అనుకున్నారు. అమీర్‌పేటలో గది ఆరుగురిది, బకెట్ ఆరుగురిది, ఇంటర్వ్యూకు వేసుకునే ఇస్త్రీ చొక్కా కూడా ఆరుగురిది. అన్నీ ఒకే డబ్బాలో పెరిగినవాళ్లకు సొంతదారు అన్న మాట కొత్త. అందుకే ఇప్పుడు డెక్‌లో ఒకటి ఎక్కువ కనిపిస్తే మొదట ఆ మనిషి ఎక్కడ, ఎవరితో ఆడి నేర్చుకున్నాడో అడుగుతాను. దొంగలు దొరకడం లేదని కాదు, అప్పుడప్పుడూ దొరుకుతున్నారు. కానీ మైకు దాకా నా చెయ్యి అంత తొందరగా పోవడం లేదు.

ఇంకో పాఠం లచ్చవ్వ దగ్గర నేర్చుకున్నాను. ఇన్నేళ్లుగా ఇది పేకాట కాదని ఇరుగుపొరుగుకు, హాస్టల్ వార్డెన్లకు, ఒకసారి పోలీసులకు కూడా చెప్పీ చెప్పీ నా నోరు నొప్పి పుట్టింది. ఇందులో బుద్ధి పెరుగుతుంది, లెక్కలొస్తాయి అని ఏవేవో చెప్పేదాన్ని. ఎవరూ నమ్మిన పాపాన పోలేదు. అసలు తేడా ఎక్కడుందో నాకు ఆమె చెప్పింది.

మ్యాచ్ అయ్యాక ఇద్దరూ బల్ల మీది కార్డులు ఏరుకుంటున్నారు. నల్ల కవర్లు ఒక్కొక్కటి తిప్పి చూసి, ఇది నీది, ఇది నాది అని ఇచ్చుకుంటున్నారు. లచ్చవ్వ కాసేపు చూసి నన్ను పిలిచింది.

"మేడం, ఆట అయినంక ఎవలయి వాళ్లకేనా?"

"అవునమ్మా."

"ఓడినోళ్లయి గూడ? గెలిచినోడు గుంజుకున్నయి గూడ?"

"అన్నీ. సచ్చినా, బతికినా, ఆట అయినంక ఎవలయి వాళ్లు ఇంటికి తీస్కపోవుడే."

స్వరూప చేతులు ఆగిపోయాయి, తల్లివైపే చూస్తోంది.

"మా ఆయన ఆడినప్పుడు పోయిన సాంచాలు మళ్ల రాలే మేడం," అంది లచ్చవ్వ. ఆ తర్వాత సంచి భుజం మీది నుంచి దించి, గారెల డబ్బా తీసి, మొదటిది కిరణ్‌కు, రెండోది బిడ్డకు ఇచ్చింది. "తిను బిడ్డా. పొద్దటిసంది ఏం తినలే. మళ్లచ్చే ఐతారం ఆట ఏడ?"